మత్తులో పిల్లికూతలు

ఆపరేషన్ బల్ల మీద మనిషికి మత్తిచ్చి, గొంతులోంచి గొట్టం దించాక మత్తు డాక్టరు చేయి ముందుగా పోయేది గాలి సంచి మీదికి. సంచి మెత్తగా లొంగి, ఛాతీ రెండువైపులా సమానంగా లేచి, చేయి వదలగానే గాలి తిరిగి వచ్చేస్తే ఫరవాలేదు. ఒక్కోసారి సంచి లొంగదు. ఎంత నొక్కినా ఛాతీ అంతంతమాత్రంగానే లేస్తుంది. అతి కష్టం మీద లోపలికి పోయిన గాలి బయటికి రావడానికి ఇంకా ఎక్కువసేపు పడుతుంది. స్టెతస్కోపు పెడితే రెండువైపులా పిల్లికూతలు వినిపిస్తాయి. మెలకువగా ఉన్న ఉబ్బసం రోగి ఇలాంటప్పుడు లేచి కూర్చుంటాడు, ముందుకు వంగి మంచంపట్టె గట్టిగా పట్టుకుంటాడు, సైగచేసి మందు అడుగుతాడు. మత్తులో ఉన్నవాడికి వీటిలో ఏదీ చేతకాదు. అతడి బదులు కనిపెట్టాల్సిందీ, పెనుగులాడాల్సిందీ పక్కనున్నవాళ్లే.

దీన్ని వైద్యులు బ్రాంకోస్పాజమ్ అంటారు. శ్వాసనాళాలు లోపలికి పోనుపోనూ చీలి సన్నబడతాయి. వాటి గోడల్లో మన ఇష్టాయిష్టాలతో పనిలేని కండరం ఒకటి గుండ్రంగా చుట్టుకుని ఉంటుంది. పొగ, దుమ్ము, చల్లగాలి, గొంతులో దించిన గొట్టం, ఒంటికి పడని మందు, వీటిలో దేనికైనా అది బిగుసుకోవచ్చు. స్వీడన్‌లో లక్షా ముప్ఫై ఆరు వేలకు పైగా మత్తు కేసుల రికార్డులను కంప్యూటరుతో వడపోసి 1987లో అచ్చువేసిన అధ్యయనంలో, వెయ్యి మందిలో ఒకరిద్దరికి ఇది వస్తుందని తేలింది. లెక్కకు చిన్నదే. సమయానికి విడిపించకపోతే మాత్రం నిమిషాల్లో ప్రాణం మీదికి వస్తుంది. దీన్ని గుర్తుపట్టడం, విడిపించడం వైద్యలోకం రెండు వందల ఏళ్లుగా నేర్చుకుంటూ వచ్చింది. ఆ చదువులో కొన్ని పాఠాలు మద్రాసులో, హైదరాబాదులో, మదనపల్లెలో నడిచాయి.

ముందు హైదరాబాదు సంగతి.

1846 అక్టోబరులో బోస్టన్‌లో ఈథర్‌తో మత్తిచ్చి ఆపరేషన్ చేసి చూపించారు. మరుసటి ఏడాది నవంబరులో ఎడిన్‌బరోలో జేమ్స్ యంగ్ సింప్సన్ క్లోరోఫాం తెచ్చాడు. ఈథర్ ఘాటుగా ఉంటుంది, దగ్గు తెప్పిస్తుంది, దీపం దగ్గర భగ్గుమంటుంది, ఎండదేశాల్లో సీసా మూత తీయగానే ఆవిరైపోతుంది. క్లోరోఫాం వాసన తియ్యగా ఉంటుంది, జేబురుమాలు మీద కొన్ని చుక్కలు వేస్తే చాలు. అందువల్ల ఇండియాలో దశాబ్దాల పాటు దానిదే రాజ్యం. అయితే 1848 జనవరిలోనే ఇంగ్లండులోని న్యూకాసిల్ దగ్గర హన్నా గ్రీనర్ అనే 15 ఏళ్ల అమ్మాయి, కాలిగోరు తీయడానికి క్లోరోఫాం ఇస్తుండగా నిమిషాల్లో చనిపోయింది. అంత చిన్న ఆపరేషన్‌కు ప్రాణం పోవడంతో వైద్యులు రెండు పక్షాలయ్యారు. లండన్‌లో జాన్ స్నో వంటివారు గుండె ఆగి చనిపోతున్నారన్నారు. ఎడిన్‌బరోలో జేమ్స్ సైమ్ శిష్యవర్గం ముందు ఆగేది ఊపిరేననీ, ఊపిరి కనిపెట్టుకుని ఉంటే చాలనీ పట్టుబట్టింది.

ఆ సైమ్ శిష్యుల్లో ఒకడైన ఎడ్వర్డ్ లారీ 1885లో హైదరాబాదుకు రెసిడెన్సీ సర్జన్‌గా వచ్చాడు. హైదరాబాద్ మెడికల్ స్కూలు కూడా ఆయన చేతికిందే ఉండేది. గురువు మాట నిజమని లోకానికి నిరూపించాలని ఆయన పట్టుదల. 1888లో ఆరవ నిజాం మహబూబ్ అలీ ఖాన్ ప్రభుత్వం ఖర్చు భరించగా మొదటి క్లోరోఫాం కమిషన్ కుక్కల మీద ప్రయోగాలు చేసింది. ఊపిరి ఆగాకే గుండె ఆగుతోందని చెప్పింది. లండన్‌లోని లాన్సెట్ పత్రిక దాన్ని నమ్మలేదు. అప్పుడు నిజాం, మీ మనిషినే పంపండి, ఖర్చు మాదేనని 1000 పౌన్లు ఇచ్చాడు.

వచ్చినవాడు సామాన్యుడు కాడు. గుండెనొప్పికి ఏమైల్ నైట్రైట్ వాడకాన్ని కనిపెట్టిన లాడర్ బ్రంటన్. 1889 అక్టోబరులో హైదరాబాదు చేరేనాటికి ఆయనది లండన్ పక్షమే. రెండు నెలల పాటు కుక్కలు, కోతులు, మేకలు, గుర్రాలు, పిల్లులు, కుందేళ్లు కలిపి దాదాపు 500 జంతువుల మీద ప్రయోగాలు జరిగాయి. వందకు పైగా ప్రయోగాల్లో రక్తపోటు గీతలను తీసి ఫొటోలు పట్టారు. చివరికి బ్రంటన్ అభిప్రాయం మార్చుకుని, ప్రమాదం ఊపిరాడకపోవడం వల్లా మోతాదు మించడం వల్లానే కాని నేరుగా గుండె వల్ల కాదని లాన్సెట్‌కు తంతి కొట్టాడు. ఒక దేశీయ సంస్థానం సొంత డబ్బుతో ఇంత పెద్ద వైద్య పరిశోధన చేయించి, ప్రపంచమంతా దాని గురించి వాదించుకునేలా చేయడం ఆ కాలానికి మామూలు విషయం కాదు. మన వైద్య విద్యార్థుల్లో ఎంతమందికి ఈ సంగతి తెలుసో గాని, మత్తు వైద్యం చరిత్ర రాసే ఇంగ్లీషు పుస్తకాలు హైదరాబాదు పేరు లేకుండా ముందుకు పోవు.

లారీ తన విద్యార్థులకు పెట్టిన నియమం కఠినమైనది. మత్తిచ్చేవాడి కళ్లూ చెవులూ రోగి ఊపిరి మీదే ఉండాలి. దవడ ఎత్తి పట్టుకుని, ఊపిరి తేలిగ్గా ఆడుతున్నదా, గురక వస్తున్నదా, రోగి ఊపిరి బిగబడుతున్నాడా అని క్షణక్షణం చూసుకోవాలి. నాడి మీద వేలు పెడితే దృష్టి చెదురుతుందని దాన్ని వద్దనేశాడు. ఈ పద్ధతిలో చదివిన వాళ్లలో రూపాబాయి ఫర్దూన్‌జీ ఒకరు. మెడికల్ స్కూలు నుంచి 1889లో బయటికి వచ్చి, అఫ్జల్‌గంజ్ ఆసుపత్రిలోనూ నగరంలోని ఇతర ఆసుపత్రుల్లోనూ ఏళ్లతరబడి క్లోరోఫాం ఇచ్చారు. ప్రపంచంలో తొలి మహిళా మత్తు వైద్యురాలు ఆమేనని చాలామంది చరిత్రకారులు రాస్తారు.

కమిషన్ చెప్పినదాంట్లో సగమే నిజం. 1911లో గుడ్‌మన్ లెవీ పిల్లుల మీద చేసిన ప్రయోగాల్లో, లేత మత్తులో క్లోరోఫాం ఇస్తూ కొద్దిగా అడ్రినలిన్ ఎక్కిస్తే గుండె కొట్టుకోవడం మానేసి గిజగిజలాడి ఆగిపోయింది. భయంతో వణికే రోగి ఒంట్లో సొంతంగా ఊరే అడ్రినలిన్ కూడా అందుకు చాలు. మోతాదు మించితే ముందు ఊపిరి ఆగుతుందన్న మాట సరే, కాని మోతాదు చాలకపోయినప్పుడు గుండె ఆగే ప్రమాదాన్ని హైదరాబాదు ప్రయోగాలు పట్టుకోలేదు. నాడి చూడొద్దన్న నియమం తప్పు. ఊపిరి మీంచి కన్ను తీయొద్దన్న నియమం మాత్రం నేటికీ నిలిచింది. బ్రాంకోస్పాజమ్‌ను మొదటి నిమిషంలోనే పట్టుకునే మత్తు డాక్టరు ఆ నియమాన్నే పాటిస్తున్నాడు.

అయితే లారీ కాలంలో ఊపిరి ఆగడమంటే ఎక్కువగా నాలుక వెనక్కి పడడం, గొంతు మూసుకోవడం. ఇంకా లోతున, ఛాతీలోపల నాళాలు బిగుసుకోవడం వేరే సమస్య. దాన్ని అర్థం చేసుకున్న దారి వేరు.

శ్వాసనాళాల గోడల్లో కండరం ఉందని 19వ శతాబ్దం మొదట్లో జర్మన్ శరీరశాస్త్రవేత్త రైసైసెన్ వివరంగా చూపించాడు. కరెంటు తాకిస్తే ఆ నాళాలు ముడుచుకుంటాయని 1840 ప్రాంతంలో లండన్ వైద్యుడు చార్లెస్ విలియమ్స్ ప్రయోగం చేసి చూపాడు. ఉబ్బసం అంటే ఆ కండరం పట్టేయడమేనని 1860లో అచ్చయిన తన పుస్తకంలో గట్టిగా వాదించినవాడు హెన్రీ హైడ్ సాల్టర్. ఆయనకు చిన్నప్పటి నుంచీ ఉబ్బసం. తన ఒంటి మీద తానే చూసుకున్నవన్నీ అందులో రాశాడు. పరగడుపున చిక్కటి కాఫీ తాగితే కొంత ఉపశమనం ఉంటుందన్నాడు. కాఫీలోని కెఫీన్‌కూ, తర్వాత 1888లో జర్మనీలో కోసెల్ తేయాకులోంచి తీసిన థియోఫిలిన్‌కూ దగ్గరి చుట్టరికం ఉంది. తెలుగు పల్లెల్లో ఆయాసం అనగానే దశాబ్దాలుగా పొడుస్తున్న డెరిఫిల్లిన్ ఇంజెక్షన్‌లో ఉండేదీ ఆ వంశపు మందే.

సాల్టర్ పుస్తకంలో మరో మందు కూడా ఉంది. అది మన పొలంగట్ల మీద మొలిచే ఉమ్మెత్త జాతిది. ఈ మందు ఇంగ్లండుకు చేరింది మద్రాసు నుంచే. మద్రాసులో ఫిజీషియన్ జనరల్‌గా ఉన్న జేమ్స్ ఆండర్సన్ ఇక్కడివాళ్లు ఉబ్బసానికి ఉమ్మెత్త వేరును ఎండబెట్టి, నలిపి, చిలుంలో పెట్టి పీల్చడం చూశాడు. తానూ సిఫారసు చేసేవాడు. 1802లో స్వదేశం వెళ్లిన జనరల్ జెంట్ అనే సైనికాధికారి ఆ అలవాటును అక్కడికి పట్టుకుపోయాడు. వందేళ్లకు పైగా యూరప్‌లో మందుల దుకాణాల్లో ఉబ్బసం సిగరెట్లు అమ్మారు. ఉబ్బసానికి పొగ పీల్చడం ఇవాళ వింతగా తోస్తుంది. కాని మందును గాలితోపాటు నేరుగా ఊపిరితిత్తుల్లోకి పంపాలన్న ఆలోచన సరైనదే. ఉమ్మెత్తలో ఉండే అట్రోపిన్ వంటి పదార్థాలు, కండరాన్ని బిగించమని వేగస్ నరం పంపే సందేశాన్ని అడ్డుకుంటాయి. మోతాదు అటూ ఇటూ అయితే పిచ్చెక్కించి ప్రాణం తీస్తాయి కూడా. ఊళ్లో ఉమ్మెత్త కాయ పేరెత్తితే పెద్దవాళ్లు పిల్లల్ని కసురుకునేది ఊరికే కాదు. ఆ ప్రమాదాన్ని తీసేసి, ఊపిరితిత్తుల దగ్గరే పనిచేసేలా మార్చిన మందు ఇప్రట్రోపియం 1970ల్లో వచ్చింది.

తర్వాతిది అడ్రినలిన్. 1901లో న్యూయార్క్‌లో జపాన్ శాస్త్రవేత్త జోకిచి తకమినే దాన్ని స్ఫటికంగా వేరుచేశాడు. రెండేళ్లు తిరక్కుండానే అదే నగరంలో బులోవా, కాప్లాన్ అనే వైద్యులు ఉబ్బసం ముదిరిన రోగులకు చర్మం కింద దాన్ని పొడిచి చూశారు. అప్పటిదాకా గంటల తరబడి ఎగశ్వాసతో ఉన్నవాళ్లు నిమిషాల్లో తేరుకున్నారు. ఇంత వేగంగా పనిచేసే మందు ఉబ్బసానికి అంతకుముందు లేదు. దాని దారిలోనే ఐసోప్రినలిన్ వచ్చింది. 1956లో అమెరికాలో నొక్కితే తుంపరగా వచ్చే ఇన్హేలర్ వచ్చింది. గుండెను అదరగొట్టే గుణం తగ్గించిన సాల్బుటమాల్ 1969లో ఇంగ్లండులో అమ్మకానికి వచ్చింది. ఇవాళ మన బస్టాండులో, బడి సంచిలో, ముసలివాళ్ల దిండు కింద కనిపించే నీలం రంగు అస్తాలిన్ ఇన్హేలర్ అదే.

ఇక్కడే హైదరాబాదు ప్రయోగాలు, న్యూయార్క్ మందు ఒకదానికొకటి ఎదురుపడ్డాయి. నాళాలను విప్పడానికి అడ్రినలిన్ కావాలి. క్లోరోఫాం మత్తులో ఉన్నవాడికి అదే అడ్రినలిన్ గుండెను ఆపగలదు. 1956లో మాంచెస్టర్‌లో వాడుకలోకి వచ్చిన హాలోథేన్‌తోనూ ఇదే పేచీ. హాలోథేన్ శ్వాసనాళాల కండరాన్ని బాగా సడలిస్తుంది, గొంతును మండించదు. ఉబ్బసం ఉన్నవాళ్లకు ఇంతకంటే మంచి మత్తు లేదని అప్పట్లో వైద్యులు సంబరపడ్డారు. కాని హాలోథేన్ ఇస్తుండగా నాళాలు బిగుసుకుని, ఎవరైనా తొందరపడి అడ్రినలిన్నో, థియోఫిలిన్ వంశపు అమైనోఫిలిన్నో జోరుగా ఎక్కిస్తే గుండె లయ తప్పేది. మన ప్రభుత్వాసుపత్రుల్లో హాలోథేన్ ఎన్నో ఏళ్లు నడిచింది. ఆ కాలంలో పనిచేసిన మత్తు వైద్యులు అమైనోఫిలిన్ ఎక్కించేటప్పుడు చెయ్యి నాడి మీంచి తీసేవారు కారు. లారీ వద్దన్న పని అది. సెవోఫ్లురేన్ వచ్చాక ఈ పేచీ దాదాపుగా తీరింది. అదీ నాళాలను సడలిస్తుంది, గుండె జోలికి అంతగా పోదు. డెస్‌ఫ్లురేన్ మాత్రం గొంతును రేపుతుంది కనుక ఉబ్బసం రోగుల దగ్గర దాన్ని దూరంగా పెడతారు.

వీటన్నిటికంటే చిన్న ఊళ్లకు ఎక్కువ సేవ చేసింది కెటమిన్. అమెరికాలో 1962లో తయారై, 1964లో మనుషుల మీద మొదటిసారి వాడిన ఈ మందు ఒంట్లో సొంత అడ్రినలిన్‌ను ఊరించి, శ్వాసనాళాలను తెరిచి ఉంచుతుంది. ఊపిరి ఆగనివ్వదు, రక్తపోటు పడనివ్వదు. గాలి యంత్రాలూ గ్యాసులూ లేని తాలూకా ఆసుపత్రుల్లో, ఉబ్బసం ఉన్న గర్భిణికి అర్ధరాత్రి సిజేరియన్ చేయాల్సి వచ్చినప్పుడు మత్తు డాక్టరుకు కొండంత అండ అది. దానితో నోట్లో లాలాజలం ఊరిపోతుంది కనుక ముందుగానే గ్లైకోపైరోలేటో, అట్రోపినో ఇస్తారు. ఆ రకంగా ఉమ్మెత్త వంశపు మందు మళ్లీ థియేటరులోకి వస్తుంది.

మత్తులో నాళాలు బిగుసుకోవడానికి చాలాసార్లు కారణం జబ్బు కాదు, వైద్యమే. 1942 జనవరిలో మాంట్రియల్‌లో హెరాల్డ్ గ్రిఫిత్ దక్షిణ అమెరికా వేటగాళ్లు బాణాలకు పూసే క్యురారే విషాన్ని కండరాలు సడలించడానికి ఆపరేషన్‌లో వాడాడు. అప్పటి నుంచి గొట్టం దించడం రోజువారీ పనైంది. ఆ క్యురారేనే ఒంట్లో హిస్టమిన్ వదిలించి కొందరిలో నాళాలను బిగించేది. గొట్టమూ తక్కువేమీ కాదు. మత్తు పూర్తిగా ఎక్కకముందే శ్వాసనాళంలోకి దించితే, అది లోపలి గోడను తాకగానే వేగస్ నరం ద్వారా నాళాలన్నీ ఒక్కసారిగా ముడుచుకుంటాయి. పొగతాగేవాళ్లలో, జలుబు చేసి రెండు మూడు వారాలు కూడా కాని పిల్లల్లో ఇది మరీ ఎక్కువ. అనుభవజ్ఞుడైన మత్తు వైద్యుడు మొదట చూసుకునేది మత్తు సరిపడా ఉందా అని. సర్జన్‌ను చేయి ఆపమంటాడు, ఆక్సిజన్ నూటికి నూరు శాతం చేస్తాడు, సెవోఫ్లురేన్ పెంచుతాడో ప్రొపొఫాల్ అనే మరో మత్తుమందు ఇస్తాడో. చాలా కేసులు అక్కడే సర్దుకుంటాయి.

అంతకంటే ముందు అసలది బ్రాంకోస్పాజమేనా అని తేల్చుకోవాలి. ఈ సందేహం లేకుండా మందులు గుప్పించడం వల్ల జరిగిన నష్టం చరిత్రలో చాలా ఉంది. పిల్లికూతలన్నీ ఉబ్బసం కావని ఫిలడెల్ఫియా గొంతు వైద్యుడు షెవాలియర్ జాక్సన్ జీవితమంతా చెబుతూ వచ్చాడు. పిల్లలూ పెద్దలూ మింగినవి, పీల్చినవి ఆయన బయటికి తీసిన పిన్నులు, గుండీలు, ఎముక ముక్కలు వగైరా 2374 వస్తువులు ఆ ఊరి మ్యూటర్ మ్యూజియంలో సొరుగుల్లో ఉన్నాయి. వేరుశనగ పండే మన నేల మీద ఈ మాట మరీ గుర్తుంచుకోవలసినది. రెండేళ్ల పిల్లవాడు పల్లీలు తింటూ నవ్వి, దగ్గి, ఆ తర్వాత వారాలకొద్దీ ఒకవైపే పిల్లికూతలతో ఉంటే, సిరప్‌లు ఎన్ని మార్చినా లాభం లేదు. గింజ తీయాలి.

మన నేల మీదే తేలిన మరో ఉదాహరణ మదనపల్లె దగ్గరి ఆరోగ్యవరానిది. క్షయ రోగుల కోసం 1915లో తెరిచిన అక్కడి శానిటోరియానికి డేనిష్ వైద్యుడు క్రిస్టియన్ ఫ్రిమోట్ మోలర్ మొదటి అధిపతి. క్షయ అని పంపిన రోగుల్లో కొందరు ఆయనకు విడ్డూరంగా తోచారు. రాత్రిళ్లు దగ్గు, ఆయాసం, పిల్లికూతలు. ఎక్స్‌రేలో ఊపిరితిత్తుల నిండా చుక్కలు. కఫంలో మాత్రం క్షయ క్రిములు లేవు. రక్తం చూస్తే ఇయోసినోఫిల్ కణాలు విపరీతంగా పెరిగి ఉన్నాయి. ఈ రోగులను వేరుగా పేర్చి, ఇది క్షయలా కనిపించే మరో జబ్బని ఆయనా, సహచరుడు బార్టన్ కలిసి 1940లో ఇండియన్ మెడికల్ గెజెట్‌లో రాశారు. 1943లో వైన్‌గార్టెన్ దీనికి ట్రాపికల్ ఇయోసినోఫిలియా అని పేరు పెట్టి, ఆర్సెనిక్ మందులకు తగ్గుతుందని చూశాడు. తర్వాత తెలిసింది, ఇది బోదకాలు తెచ్చే ఫైలేరియా పురుగు పిల్లల మీద ఒళ్లు తిరగబడడం వల్ల వచ్చే జబ్బని. దానికి అసలు మందు డైఇథైల్ కార్బమజైన్. 1947లో హెట్రజాన్ పేరుతో అమెరికాలోని లెడర్లీ ప్రయోగశాలలో దాన్ని బయటికి తెచ్చిన బృందానికి నాయకుడు భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు. బోదకాళ్ల బాధ ఎరిగిన గోదావరి నేల నుంచి వెళ్లినవాడు ఆయన. ఆయన మందు ఇవాళ ఆరోగ్య కార్యకర్తలు ఇంటింటికీ పంచే బోదకాలు మాత్ర. ఎందరో ఉబ్బసం రోగులని ముద్రపడ్డవాళ్లకు మూడు వారాల్లో పిల్లికూతలు మాన్పిన మాత్ర కూడా అదే.

థియేటరులోనూ మారువేషాలు ఇలాగే ఉంటాయి. గొట్టం మడతపడినా సంచి గట్టిపడుతుంది. గొట్టం మరీ లోపలికి పోయి కుడివైపు నాళంలో కూర్చున్నా, కఫం గడ్డకట్టి అడ్డుపడినా, కడుపులోది పైకి తన్ని ఊపిరితిత్తుల్లోకి పోయినా, ఒకవైపు ఊపిరితిత్తి చిల్లుపడి ఛాతీలో గాలి నిండినా లక్షణాలు ఒక్కలాగే కనిపిస్తాయి. గొట్టం పొరపాటున అన్నవాహికలోకి పోతే మరీ ప్రమాదం. వాటిని విడదీసే పనులు చాలా సాదావి. సన్నని సక్షన్ గొట్టాన్ని లోపలికి పంపితే అది అడ్డు లేకుండా దిగుతుందా లేదా తెలుస్తుంది. గాలి గొట్టాలను యంత్రం నుంచి విడదీసి వేరే సంచితో చేత్తో ఊదితే తప్పు యంత్రానిదా రోగిదా తేలిపోతుంది. రెండు చంకల కింద విని పోల్చాలి. పిల్లికూతలు లేకపోతే సంతోషించకూడదు. నాళాలు పూర్తిగా మూసుకుపోతే గాలే కదలదు, గాలి కదలకపోతే కూతా ఉండదు. నిశ్శబ్దంగా ఉన్న ఛాతీ అన్నిటికంటే భయపడాల్సిన ఛాతీ.

చెవికీ చేతికీ తోడుగా 1970ల నుంచి యంత్రాలు వచ్చాయి. జపాన్‌లో తకువో అవోయాగి 1974లో పల్స్ ఆక్సీమీటరుకు రూపమిచ్చాడు. నెదర్లాండ్స్‌లో బాబ్ స్మాల్‌హౌట్ వదిలే ఊపిరిలోని కార్బన్ డయాక్సైడ్‌ను గీతగా చూపే క్యాప్నోగ్రఫీకి బొమ్మల పుస్తకమే వేసి, దాన్ని చదవడం ప్రపంచానికి నేర్పాడు. ఆ గీత మామూలుగా డాబా ఇంటి ఆకారంలో ఉంటుంది. నిట్టనిలువు గోడ, పైన చదునైన కప్పు, మళ్లీ నిట్టనిలువుగా కిందికి. నాళాలు బిగుసుకున్నప్పుడు గాలి ఒక్కో మూల నుంచి ఒక్కో వేగంతో తీరిగ్గా వస్తుంది కనుక గోడ ఒరిగిపోయి, కప్పు ఏటవాలై, సొరచేప రెక్కలా తయారవుతుంది. ఆక్సీమీటరు అంకె తగ్గేదాకా ఆగితే ఆలస్యమైనట్టే. గీత వాలడం, వెంటిలేటరులో పైపీడనం పెరగడం దానికంటే ముందే కనిపిస్తాయి. గాలి పంపాక ఒక్క క్షణం ఆపి కొలిచే పీడనం మామూలుగానే ఉండి, పైపీడనం ఒక్కటే పెరిగితే ఇబ్బంది నాళాల్లోనే ఉన్నదని అర్థం.

మత్తు పెంచినా తగ్గకపోతే సాల్బుటమాల్ ఇవ్వాలి. గొట్టం గోడలకే మందు చాలావరకు అంటుకుపోతుంది కనుక ఒకటి రెండు సార్లు నొక్కితే చాలదు, ఆరూ ఎనిమిదీ కావాలి. సరైన అడాప్టర్ లేని చోట మన మత్తు వైద్యులు చేసే పని ఒకటుంది. పెద్ద సిరంజి పిస్టన్ తీసేసి, ఇన్హేలర్ డబ్బాను తలకిందులుగా దాంట్లో వేసి, పిస్టన్ మళ్లీ పెట్టి, సిరంజి మూతిని గాలి గొట్టానికి ఉన్న చిన్న రంధ్రానికి తగిలిస్తారు. ఛాతీ లేచే క్షణంలో పిస్టన్ నొక్కితే మందు లోపలికి పోతుంది. దీనికితోడు ఇప్రట్రోపియం, సిరలోకి హైడ్రోకార్టిసోన్, ఇరవై నిమిషాల్లో 2 గ్రాముల మెగ్నీషియం సల్ఫేటు. స్టెరాయిడ్ పనిచేయడానికి గంటలు పడుతుంది, అయినా ముందే ఇచ్చి ఉంచుతారు.

ఊపిరి ఊదే తీరు మందులంత ముఖ్యమైనది. ఆక్సీమీటరు అంకె పడిపోతున్నదన్న కంగారులో గబగబా ఊదితే, వెళ్లిన గాలి వచ్చేలోపే మరో ఊపిరి దాని మీద పడుతుంది. ఛాతీ ఉబ్బిపోయి, గుండెకు తిరిగివచ్చే రక్తాన్ని నొక్కేసి, రక్తపోటు కూలిపోతుంది. అప్పుడు గొట్టాన్ని యంత్రం నుంచి విడదీసి, అరచేతితో ఛాతీని మెల్లగా అదిమి, ఇరుక్కున్న గాలిని బయటికి పోనివ్వాలి. చూసేవాళ్లకు ఊపిరి ఆపేస్తున్నట్టే కనిపిస్తుంది. రోగి బతికేది మాత్రం ఆ కొన్ని సెకన్ల వల్లే. ఆ తర్వాత ఊపిరులు తగ్గించి, ఒక్కోదానికీ బయటికి రావడానికి కావలసినంత సమయం ఇవ్వాలి.

రక్తపోటు పడుతూ, ఒళ్లు ఎర్రబడుతూ, అప్పుడే ఇచ్చిన యాంటీబయాటిక్కో కండరాలు సడలించే మందో గుర్తుకొస్తే అది పడని మందు మీద ఒళ్లంతా తిరగబడే అనాఫిలాక్సిస్ కావచ్చు. బ్రిటన్‌లో దేశమంతటా మత్తులో వచ్చిన అనాఫిలాక్సిస్‌ను పరిశీలించి 2018లో ప్రచురించిన పెద్ద నివేదికలో అన్నిటికంటే ఎక్కువ కేసులకు కారణం యాంటీబయాటిక్‌లేనని తేలింది. కొందరిలో మొట్టమొదటి లక్షణం బ్రాంకోస్పాజమే. అప్పుడు సాల్బుటమాల్‌తో కాలక్షేపం చేయకూడదు. సిరలోకి మైక్రోగ్రాముల్లో కొద్దికొద్దిగా అడ్రినలిన్, ధారాళంగా సెలైన్ ఇవ్వాలి. క్లోరోఫాం కాలంలో ఏ మందు చూసి వైద్యులు హడలిపోయారో, దాన్ని ఇవాళ ఆలస్యం చేయడమే తప్పు. గుండెను అల్లరిపెట్టే మత్తుమందులు పోయాయి కనుకనే ఇది సాధ్యమైంది.

ఆపరేషన్ ముగిశాక కూడా ఒక గండం ఉంటుంది. కండరాల మందును తిప్పికొట్టడానికి ఇచ్చే నియోస్టిగ్మిన్ కూడా నాళాలను బిగించగలదు కనుక, దానితోపాటే అట్రోపినో గ్లైకోపైరోలేటో ఇచ్చి తీరుతారు. రోగి తేరుకునే వేళ గొట్టం కదిలి మళ్లీ కూతలు మొదలవ్వవచ్చు.

ఇంత జరిగాక రోగి చేతికి ఏం ఇస్తున్నామన్నది మన దగ్గర ఇంకా సరిగా లేదు. ఏ మందు ఇచ్చిన ఎన్ని నిమిషాలకు ఊపిరి బిగుసుకుందో, దేనికి తగ్గిందో రాసి ఇచ్చే కాగితం చాలా ఆసుపత్రుల్లో రోగికి చేరదు. గుంటూరులో గాల్‌బ్లాడర్ తీయించుకున్నావిడ మూడేళ్లకు హైదరాబాదులో మోకాలి ఆపరేషన్‌కు పోతే, అక్కడి మత్తు డాక్టరుకు తెలిసేది ఆవిడ చెప్పినంతే. ఆవిడకు చెప్పింది "మత్తు పడలేదమ్మా" అన్న ఒక్క మాట. అనాఫిలాక్సిస్ అనుమానం ఉంటే మొదటి గంటా రెండు గంటల్లో ఒకసారి, మర్నాడు ఒకసారి రక్తం తీసి ట్రిప్టేజ్ పరీక్షకు పంపాలి. నాలుగు వారాల తర్వాత చర్మ పరీక్షలు చేయించి, పడని మందు పేరు తెలుగులోనూ ఇంగ్లీషులోనూ రాసి ఇవ్వాలి. ఆధార్ కార్డు పెట్టుకునే పర్సులోనే ఆ కాగితం కూడా పెట్టుకోమని ఇంట్లోవాళ్లకు చెప్పాలి.